గ్రానీకి పెళ్ళి కుదిరింది

డాక్టర్ కార్తికేయ ఒక పేషెంటు ముఖాన్ని పొరపాటున ఊడదీసింది ఫిబ్రవరి ఎండలో, దక్షిణాఫ్రికాలో షాకాస్‌క్రాల్‌కి దగ్గరలోని ఒక ప్రభుత్వాసుపత్రిలో.

పేషెంటు డెబ్బై ఏళ్ళ ముసలావిడ. చెరుకు తోటలో కళ్ళు తిరిగి పడిపోయిందని ఎవరో వ్యాన్‌లో తెచ్చి క్యాజువాలిటీలో పడుకోబెట్టి, ఫోన్ చేసుకోవడానికి బయటికి వెళ్ళారు. నెరిసిన ముడి, ముక్కుకి అటూ ఇటూ ముక్కుపుడకలు, వెలిసిపోయిన నేత చీర. చూడగానే కార్తికేయకి విజయనగరం గుర్తొచ్చి గొంతు మెత్తబడింది.

"అవ్వా, వినపడుతోందా? ఎక్కడ నొప్పి?"

అవ్వ పలకలేదు. బీపీ చూశాడు. నాడి చూశాడు. మళ్ళీ బీపీ చూశాడు.

"సిస్టర్ కోగీ, ఈవిడ ఏం తింటుందో కనుక్కోండి. రేపట్నుంచి నేనూ అదే తింటాను. కాలేజీ పిల్లకి ఉండాల్సిన బీపీ ఇది."

చెమట తుడుద్దామని తడి దూదితో చెంప మీద నెమ్మదిగా రాశాడు. చెంప దూదితో పాటు వచ్చేసింది. కణత నుంచి గడ్డం దాకా, ముడతలతో సహా, అరటి తొక్కలా.

"జీసస్!" అంది సిస్టర్ కోగీ. చేతిలో ట్రే నేల మీద పడింది.

ఎంబీబీఎస్ పుస్తకాల్లో ఇలాంటి జబ్బు ఎక్కడైనా చదివానా అని కార్తికేయ ఆలోచిస్తుండగా, ఊడిపోయిన చోట నున్నటి చామనచాయ చెంప ఒకటి బయటపడింది. దాని పక్కనే పెద్ద కన్ను ఒకటి తెరుచుకుంది. అందులో నీరసం లేదు, కోపం ఉంది.

"నా మొకం!" అంది అవ్వ తెలుగులో. "నా మొకం పీకేసినావు!" ఆ తర్వాత ఇంగ్లీషులో పడింది. "ఏయ్ మ్యాన్, ట్రేసీ పొద్దున్నుంచీ కూర్చుని అతికించింది అది! ఇప్పుడు నేను షాట్‌కి ఎలా వెళ్ళాలి?"

"మీకు... మీ వయసెంత?"

"ఆ వైపు డెబ్బై. ఈ వైపు ఇరవై ఆరు."

ఆమె పేరు బెరిల్ అప్పలసామి. ఊరు మౌంట్ ఎడ్జ్‌కోంబ్. ముత్తాత తాత చెరుకు నరకడానికి ఓడెక్కి వచ్చాడు. తండ్రి సెసిల్ చక్కెర మిల్లులో ఫిట్టర్‌గా చేసి, ఆ పని పోయాక పూర్తిగా దేవుడి పనిలో దిగి, ఒక రేకుల హాల్లో పెంతెకొస్తు సంఘం నడుపుతున్నాడు. తల్లి లేదు. ఇంట్లో తెలుగు అంటే చనిపోయిన అవ్వ నేర్పిన నాలుగు వరసలు, పది వంటకాలు, లెక్కలేనన్ని తిట్లు.

బెరిల్ నట జీవితం చర్చిలో మొదలైంది. పన్నెండేళ్ళప్పుడు క్రిస్మస్ నాటకంలో ఎనభై ఏళ్ళు దాటిన 'అన్న' అనే ప్రవక్త్రి వేషం వేసింది. అవ్వ నడక నడిచింది, అవ్వ దగ్గు దగ్గింది. సంఘమంతా లేచి చప్పట్లు కొట్టింది. మరియ వేషం వేసిన అందమైన పిల్లని ఎవరూ పట్టించుకోలేదు. ఆ రోజే బెరిల్ గతి తేలిపోయింది. కమ్యూనిటీ హాల్ నాటకాల్లో అత్తగారు. మసాలా పొడి ప్రకటనలో నానమ్మ. విదేశీ సినిమా ఒకటి డర్బన్‌కి షూటింగ్‌కి వస్తే అందులో 'ఏడ్చే స్త్రీ'. ఒకసారి సొంత ముఖంతో, సొంత జుట్టుతో ఆడిషన్‌కి వెళ్ళింది. ఆడిషన్ చేసినావిడ ఎంతో మెచ్చుకుని, "చాలా బాగుంది. మీ అమ్మమ్మని పంపగలరా?" అంది.

ఈలోగా తెల్లవాళ్ళ పాలన పోయి దేశం మారింది. అందరూ ఓటేశారు. టీవీకి కూడా హఠాత్తుగా అందరూ కావలసి వచ్చారు. అలా పుట్టింది 'హార్మొనీ కోర్ట్' అనే సీరియల్. ఒకే అపార్ట్‌మెంట్లో ఒక జూలూ కుటుంబం, ఒక తెల్ల కుటుంబం, ఒక మిశ్రజాతి 'కలర్డ్' కుటుంబం, ఒక ఇండియన్ కుటుంబం. మెట్ల మీద ఎదురుపడితే నవ్వుకోవాలి. గొడవ పడకూడదు. గొడవ లేదు గనక మొదట్లో ఎవరూ చూడలేదు.

అప్పుడు గ్రానీ వచ్చింది. ఇండియన్ కుటుంబానికి ఒక ముసలావిడ ఉంటే బాగుంటుందని డైరెక్టర్ జెరాల్డ్ కి తోచింది. బెరిల్ కి ఇచ్చిన డైలాగ్ "గుడ్ మార్నింగ్" ఒక్కటే. ఆమె దానికి అవ్వ తిట్టు ఒకటి కలిపింది. మర్నాటి నుంచి గ్రానీ జాతి, మతం, రంగు తేడా లేకుండా అపార్ట్‌మెంట్లో అందర్నీ సమానంగా తిట్టడం మొదలుపెట్టింది. కొత్త రాజ్యాంగం స్ఫూర్తికి అంత దగ్గరగా వచ్చిన పాత్ర టీవీలో మరొకటి లేదు. జనం విరగబడి చూశారు.

గ్రానీ నిజంగా ముసలిదే అనుకున్నారు. జెరాల్డ్ అనుకోనిచ్చాడు.

ఆ జెరాల్డే ఇప్పుడు నిక్కరు, టోపీతో ఆసుపత్రిలోకి పరిగెత్తుకొచ్చాడు. పూర్వీకులని తలుచుకునే సన్నివేశంలో గ్రానీ తల మీద చెరుకు మోపు పెట్టి, సరిగ్గా రాలేదని మళ్ళీ మళ్ళీ నడిపించింది ఆయనే.

"ఈమెకి విశ్రాంతి కావాలి" అన్నాడు కార్తికేయ గట్టిగా. "నీళ్ళు తాగాలి. ఇక ఈ రోజు ఎండలో నిలబడకూడదు."

జెరాల్డ్ ఆ మాటలు వినలేదు. ఆ యాస విన్నాడు. రెండు చేతులూ గుండెల మీద పెట్టుకున్నాడు.

"అదే! బెరిల్, విన్నావా? ఇన్నాళ్ళూ నేను వెతుకుతున్న యాస అదే! డాక్టర్, మీరు అసలైన ఇండియానుంచేనా?"

"విజయనగరం నుంచి."

"ఆహా, పేరే సంగీతం! మా సీరియల్‌కి సలహాదారుగా వస్తారా?"

కార్తికేయ ఇంగ్లీషుని ఇంతవరకూ లోకంలో ఎవరూ మెచ్చుకోలేదు. వెంటనే ఒప్పుకున్నాడు. సగం ముఖంతో మంచం మీద కూర్చున్న బెరిల్ ఇద్దరినీ మార్చి మార్చి చూసి, "నాకు మళ్ళీ కళ్ళు తిరుగుతున్నాయి" అంది.

డర్బన్‌లో పాత గోడౌన్ ఒకటి స్టూడియో అయింది. సెలవు రోజు కార్తికేయ ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్ళాడు.

"ముందు బెరిల్ కి తల ఊపడం నేర్పండి డాక్టర్. ఇండియన్స్ ఊపుతారే, అలా" అన్నాడు జెరాల్డ్.

"మేం అలా ఏం ఊపమండీ" అన్నాడు కార్తికేయ, తల ఊపుతూ.

"అదిగో! అదిగో!"

బెరిల్ పకపకా నవ్వింది. విగ్గు పక్కకి జారింది. మేకప్ చేసే ట్రేసీ పిన్నులు పట్టుకుని పరిగెత్తుకొచ్చింది.

తర్వాత స్క్రిప్టు. గ్రానీ కిటికీలోంచి వాన చూస్తూ, "మా ఇండియాలో వాన ఏలకుల వాసన వేస్తుంది" అనాలి.

"నేను ఇండియా చూడలేదు" అంది బెరిల్. "మా నాన్న చూడలేదు. మా అవ్వ కూడా చూడలేదు."

"కానీ అది నీ రక్తంలో ఉంటుంది కదా!"

"నా రక్తంలో ఏముందో డాక్టరుగారిని అడగండి. రిపోర్టు ఆయన దగ్గరే ఉంది."

"హిమోగ్లోబిన్ కొంచెం తక్కువ" అన్నాడు కార్తికేయ.

అప్పుడు ఇద్దరూ ఒకరినొకరు చూసుకుని నవ్వారు. జెరాల్డ్ కి ఎందుకో అర్థం కాలేదు గాని, 'ఇండియన్ హ్యూమర్' అని రాసుకున్నాడు.

సలహాలు ఏమాత్రం అక్కర్లేకపోయినా కార్తికేయ వారం వారం వెళ్ళాడు. వెళ్ళి చూసేది ఒక్కటే. షాట్ రెడీ అనగానే బెరిల్ కళ్ళు మూసుకునేది. భుజాలు కిందికి దిగేవి. ఒక మోకాలు వెనకాడేది. ముడతలు లేకపోయినా ఆ క్షణంలో ఆమె ముసలిదే.

"ఎలా చేస్తారు?" అని అడిగాడొకసారి.

"ముసలివాళ్ళు నేలని నమ్మరు. ప్రతి అడుగుకీ దాన్ని పర్మిషన్ అడుగుతారు. మా అవ్వ మా కుసినిలో అలాగే నడిచేది."

"కుసిని కాదు, వంటిల్లు అనాలి."

"మా అవ్వ కుసిని అంది. ఆవిడ అబద్ధం ఆడదు."

"అబద్ధం అని కాదు, శుద్ధమైన తెలుగులో..."

"శుద్ధమైన తెలుగులో అన్నం ఉడుకుతుందా?" అంది బెరిల్. "మా కుసినిలో ఉడుకుతుంది. ఆదివారం రా, తిందువు గాని."

వెళ్ళాడు. సెసిల్ గారు తలుపు తీశారు. ఎత్తుగా, తెల్ల చొక్కాలో, కోటు గుండీలన్నీ పెట్టుకుని ఉన్నారు. టీవీ సాతాను పెట్టె అని ఆయన ప్రతి ఆదివారం ప్రసంగిస్తారు.

"మీ అమ్మాయి చాలా గొప్పగా చేస్తారండీ" అన్నాడు కార్తికేయ.

"నేను ఆ పెట్టె చూడను" అన్నారు సెసిల్. కాసేపాగి, "అయితే మొన్న మంగళవారం ఆ దగ్గు బాగోలేదు. మా అమ్మ అలా దగ్గేది కాదు" అన్నారు.

మే నెలలో ఒక సాయంత్రం స్టూడియో నుంచి బెరిల్ ని ఇంటి దగ్గర దింపడానికి తన పాత టొయోటాలో తీసుకెళుతుండగా వాన పట్టుకుంది. రోడ్డుకి రెండు పక్కలా చెరుకు తోటలు వంగిపోయాయి. వైపర్లు రెండిట్లో ఒకటే పనిచేస్తోంది, అది కూడా బెరిల్ వైపుది. కారు ఆపాల్సి వచ్చింది.

"ఏలకుల వాసన వస్తోందా?" అంది బెరిల్, అద్దం దించి ముక్కు బయటపెట్టి.

"తడి కుక్క వాసన వస్తోంది."

ఆమె నవ్వింది. ముఖం మీద చినుకులు, మేకప్ లేదు. కార్తికేయకి ఇంక ఆగలేదు.

"బెరిల్, నువ్వంటే నాకు ఇష్టం. పెళ్ళి చేసుకుందామని ఉంది."

బెరిల్ నవ్వు ఆగింది. అద్దం పైకెత్తింది.

"ఎవరంటే ఇష్టం?" అంది. "నేనంటేనా, గ్రానీ అంటేనా?"

డాక్టర్లకి నిజం చెప్పే అలవాటు. "ఇద్దరూ" అన్నాడు కార్తికేయ.

బెరిల్ తలుపు తీసింది.

"ఎక్కడికి? వాన!"

"గ్రానీని పిలుస్తాను. ఆవిడ్నే చేసుకో!" అని దిగి, తలుపు ధడాలున వేసి, చెరుకు తోటల మధ్య గబగబా నడిచి వెళ్ళిపోయింది. ఇరవై ఆరేళ్ళ నడక. ఏ నేలనీ పర్మిషన్ అడగలేదు.

తను చేసిన తప్పేమిటో కార్తికేయకి వారం గడిచినా బోధపడలేదు. సిస్టర్ కోగీని అడిగాడు.

"ఏయ్ డాక్టర్, చిన్నప్పట్నుంచీ ఆ పిల్లని ముసలిదానిగా తప్ప ఎవరూ చూడలేదు. నువ్వూ అదే అన్నావు. ఇద్దరూ అంట! షేమ్."

క్షమాపణ చెప్పడానికి స్టూడియోకి వెళ్ళాడు. బెరిల్ గ్రానీ వేషంలో బయటికొచ్చి, గ్రానీ గొంతుతోనే, "బెరిల్ లేదు నాయనా. వానలో తడిసి జలుబు చేసింది" అని లోపలికి వెళ్ళిపోయింది.

అప్పుడు అతను ఇంకో తెలివైన పని చేశాడు. విజయనగరంలో తల్లి హైమావతి గారికి విషయం చెప్పి ఆమె చేత మాట్లాడిస్తే బెరిల్ కి నమ్మకం కుదురుతుందనుకున్నాడు. హైమావతి గారు బాలికల హైస్కూల్లో హెడ్‌మిస్ట్రెస్‌గా రిటైరయ్యారు. "అమ్మాయి పేరు బెరిల్, టీవీ నటి, మన తెలుగు వాళ్ళే" అని చెప్పి, సీరియల్ వీడియో క్యాసెట్ ఒకటి పంపాడు. ముడతల సంగతి చెప్పలేదు. దాచాలని కాదు. అతనికి ఆ ముడతల్లో బెరిల్ తప్ప ఇంకెవరూ కనపడటం మానేసి చాలా రోజులైంది.

హైమావతి గారు వీధి వాళ్ళందరినీ పిలిచి, కాబోయే కోడల్ని చూద్దామని క్యాసెట్ పెట్టారు. అందులో చీర కట్టుకున్న మనిషి ఒక్కతే ఉంది.

ఫోన్ మోగింది.

"కార్తీ, ఆ చేతికర్ర పట్టుకున్నావిడ ఎవర్రా?"

"ఆమేనమ్మా బెరిల్! ఎలా ఉంది?"

అవతల ఎవరో టీవీ కట్టేశారు.

"వయసెంతరా?"

"నాకంటే రెండేళ్ళు చిన్న."

"నీ కళ్ళు ఏ డాక్టరుకి చూపిస్తున్నావురా?"

అప్పుడు అర్థమై, కార్తికేయ కంగారుగా అదంతా మేకప్ అని చెప్పాడు. ఆవిడ నమ్మలేదు.

"నాకు చెప్పకు. అరవయ్యేళ్ళ వాణ్ణి మేకప్ చేసి కాలేజీ కుర్రాడు అనడం నేను చూశాను. ఏళ్ళ తరబడి టిక్కెట్టు కొని మరీ చూశాను. పడుచుపిల్లకి ముసలి మేకప్ వేసే పిచ్చివాళ్ళు ఏ దేశంలోనూ ఉండరు. నేను వస్తున్నాను."

సరిగ్గా ఆ రోజుల్లోనే జెరాల్డ్ బెరిల్ కి కొత్త కాంట్రాక్టు ఇచ్చాడు. మూడేళ్ళు. ఏ ఇండియన్ నటికీ అంతవరకూ ఇవ్వని జీతం. ఒకే ఒక్క షరతు: ఆ మూడేళ్ళూ ఆమె సొంత ముఖంతో పేపర్లో, స్టేజీ మీద, టీవీలో, పెళ్ళి ఫోటోలో, ఎక్కడా కనపడకూడదు.

"ప్రేక్షకులు గ్రానీని నమ్ముతున్నారు బెరిల్. గ్రానీకి పెళ్ళయిందని పేపర్లో వస్తే ఏమవుతుంది?"

"గ్రానీకి కాదు. నాకు."

"ప్రేక్షకులకి నువ్వెవరో తెలీదు కదా" అన్నాడు జెరాల్డ్, ఎంతో దయగా.

బెరిల్ ఆ కాంట్రాక్టు ఇంటికి తెచ్చి బల్ల మీద పెట్టింది. దేశమంతా కొత్తగా ముఖం ఎత్తుకుని తిరుగుతోంది. తనకి మాత్రం దాచుకోమని జీతం ఇస్తున్నారు. సంతకం పెడితే రేకుల హాలుకి కప్పు మార్చచ్చు, నాన్న చెయ్యి చాచక్కర్లేదు. పెట్టకపోతే మళ్ళీ మసాలా ప్రకటనలు.

సెసిల్ గారు చదివి కళ్ళజోడు తీశారు. "నీ ముఖం దేవుడిచ్చాడు. అది అమ్మే హక్కు నీకు ఉందో లేదో నాకు తెలీదు. కొనే హక్కు మాత్రం ఆయనకి లేదు" అన్నారు. తర్వాత తలుపు దగ్గర ఆగి, "ఆ డాక్టరు రావడం లేదేం?" అని అడిగారు.

"ఆయనకి గ్రానీ కావాలంట డాడీ."

"గ్రానీలో ఉన్నది నువ్వు కాక ఇంకెవరు?" అన్నారు సెసిల్, విసుక్కుంటూ. ఆ మాట బెరిల్ కి ఎక్కడో తగిలింది.

హైమావతి గారు ఆవకాయ జాడీతో డర్బన్‌లో దిగారు. "ఇంటికి తర్వాత. ముందు ఆవిణ్ణి చూపించు" అన్నారు. కార్తికేయ స్టూడియో గేటు దగ్గర కారు ఎక్కడ పెట్టాలో గార్డుతో వాదిస్తుండగా ఆవిడ దిగి, చీర సవరించుకుని, ఎర్ర దీపం వెలుగుతున్న తలుపు తోసుకుని నేరుగా లోపలికి వెళ్ళిపోయారు.

లోపల షాట్ నడుస్తోంది. గ్రానీ ఇంట్లో ఒక్కతే బియ్యం ఏరుతోంది. పక్కింటావిడ వచ్చి పలకరించాలి. ఆ వేషానికి ఏజెన్సీ వాళ్ళు ఎవరినో పంపుతామన్నారు. పట్టుచీరలో లోపలికొచ్చిన హైమావతి గారిని చూసి జెరాల్డ్, ఎంత బాగా ఎంచారని మురిసిపోయి, కెమెరా ఆపద్దని చెయ్యి ఊపాడు.

"నమస్కారమండీ" అన్నారు హైమావతి గారు, స్కూలు వార్షికోత్సవం గొంతుతో. "నేను కార్తికేయ తల్లిని."

బెరిల్ చేతిలో బియ్యం జారిపోయాయి. కెమెరా తిరుగుతోంది. పదేళ్ళ అలవాటు. గ్రానీ తల ఎత్తింది.

"కూకో" అంది.

"కూర్చోవడానికి రాలేదండీ. మీ వయసెంతో తెలుసుకుందామని వచ్చాను."

"నా వయసు నీకేల? నీ కొడుకు కూడు తిన్నాడో నేదో, అది తెలుసుకో. సిక్కి సగమైపోనాడు."

"మావాడు చిక్కిపోవడానికి కారణం మీరే కదా! కన్నతల్లిలాంటి వయసులో..."

"నేను పట్టుకున్నానా? ఆడే వచ్చినాడు. వచ్చి నా మొకం పీకినాడు. అడుగు!"

హైమావతి గారికి రక్తం తలకెక్కింది. ముప్ఫై ఏళ్ళు నల్లబల్ల ముందు కాపాడుకున్న పుస్తకాల తెలుగు ఒక్కసారిగా జారిపోయింది.

"ఓలమ్మో, ఏటే ఆ నోరు! సిగ్గు నేదేటే ముసిల్దానా నీకు?"

"సిగ్గుంటే నీ కొడుకుతో కారెక్కుతానేటి? వానలో దిగి ఎల్లిపోనాను, తెలుసునా? నాకే జొరం వచ్చింది. ఆడికి రానేదు."

"ఏటీ, వానలో దింపేసినాడా?"

"నానే దిగినాను. కోపం వచ్చి."

"మరి గొడుగు ఇవ్వనేదా ఎదవ?"

"నేదు."

హైమావతి గారు తనకు తెలియకుండానే ఎదురుగా కూర్చుని, చేట దగ్గరికి లాక్కున్నారు. "ఆళ్ళ నాన్నా అంతే" అన్నారు, రాయి ఏరి పారేస్తూ. "పెళ్ళైన కొత్తలో నన్ను రైలు స్టేషన్లో మర్సిపోనాడు."

"కట్!" అన్నాడు జెరాల్డ్. ఆయన కళ్ళలో నీళ్ళు. ఒక్క ముక్క అర్థం కాలేదు, అయినా జీవితంలో అంత నిజమైన సన్నివేశం తీయలేదు.

షాట్ అయ్యాక గ్రానీ లోపలికెళ్ళింది. హైమావతి గారు నీళ్ళు తాగి కాస్త స్థిమితపడ్డారు. ఈలోగా జీన్స్, టీషర్ట్ వేసుకున్న సన్నటి పిల్ల ఒకతె తువ్వాలుతో ముఖం తుడుచుకుంటూ వచ్చి, ఎదురుగా బెరుకుగా నిలబడింది.

"ఏమ్మా, ఇందాకటి పెద్దావిడ ఏరీ?" అన్నారు హైమావతి గారు, మళ్ళీ మంచి తెలుగులోకి వచ్చి. "కొంచెం గట్టిగా మాట్లాడాను. వెళ్ళేముందు చెప్పి వెళదామని."

"నానే" అంది ఆ పిల్ల.

హైమావతి గారు పైనుంచి కిందికి చూశారు. కిందనుంచి పైకి చూశారు. అప్పుడే లోపలికి పరిగెత్తుకొచ్చిన కొడుకుని చూశారు.

"గొడుగు ఎందుకు ఇవ్వలేదురా?" అన్నారు.

జెరాల్డ్ అదే ఊపులో కాంట్రాక్టు, పెన్ను తెచ్చాడు. బెరిల్ తీసుకుని, షరతు ఉన్న పేరా మీద అడ్డంగా గీత గీసి, కింద సంతకం పెట్టి తిరిగిచ్చింది. గీత వంకర పోలేదు.

జెరాల్డ్ ముఖం వాడిపోయింది. "అలా కుదరదు బెరిల్. గ్రానీ అనేది ఒక నమ్మకం." ఆయన చూపు హైమావతి గారి మీద పడి మళ్ళీ వెలిగింది. "మేడమ్! అసలైన ఇండియన్, అసలైన ముడతలు! గ్రానీగా మీరే చేయకూడదా?"

కార్తికేయ అనువదించాడు. హైమావతి గారు లేచి నిలబడ్డారు.

"ముడతలా? నాకా?" అన్నారు. నల్లగా రంగేసిన జుట్టు సవరించుకుని, కొడుకుని, ఆ పిల్లని వెంటబెట్టుకుని బయటికి నడిచారు.

బెరిల్ ఉద్యోగం పోయింది.

ఆ ఆదివారం మౌంట్ ఎడ్జ్‌కోంబ్‌లో పాత మిల్లు క్వార్టర్స్‌లో భోజనం. గోడకి అటువైపు గోల్ఫ్ ఆడుకునేవాళ్ళకి కొత్త భవంతులు లేస్తున్నాయి. షుగర్ బీన్స్ కూర అంటే పంచదార వేస్తారేమో అని హైమావతి గారు భయపడ్డారు, వేయలేదు. సెసిల్ గారు భోజనానికి ముందు కళ్ళు మూసుకుని ఇంగ్లీషులో సుదీర్ఘంగా ప్రార్థించారు. హైమావతి గారు కూడా కళ్ళు మూసుకుని తన స్తోత్రం తాను చదువుకున్నారు. ఇద్దరూ ఒకేసారి ముగించి, అవతలివాళ్ళు తన కోసమే ఆగారనుకుని ఒకరినొకరు మెచ్చుకున్నారు.

"పెళ్ళి చర్చిలోనా, మన పద్ధతిలోనా?" అని మొదలుపెట్టారు హైమావతి గారు.

"పెళ్ళికి నేనింకా ఒప్పుకోలేదు ఆంటీ" అంది బెరిల్ నెమ్మదిగా.

అందరూ చెయ్యి ఆపేశారు. బెరిల్ కంచం వైపు చూస్తూ అంది: "ఇన్నాళ్ళూ వేరేవాళ్ళలా నడిచాను. ఉద్యోగం పోయాక, నాలా ఎలా నడవాలో నాకు తెలీదని తెలిసింది. అది తెలుసుకోకుండా ఇంకొకరి ఇంట్లోకి ఎలా నడవను?"

కార్తికేయకి చాలా చెప్పాలనిపించింది. ఒక్కటే చెప్పాడు. "సరే. నాకు తొందర లేదు."

ఎనిమిదేళ్ళ పిల్లాడిలా అమ్మకి ఫోన్ చేసి సాయం అడిగే మగవాడు ఆ మాట అంటాడని బెరిల్ అనుకోలేదు. తలెత్తి చూసింది. అతని కంచంలో ఇంకో రొట్టె వేసింది.

ఆ బియ్యం ఏరే ఎపిసోడ్ ప్రసారమైంది. జెరాల్డ్ సబ్‌టైటిల్స్ వేయలేదు, ఎవర్ని అడగాలో తెలీక. డర్బన్‌కి ఉత్తరాన ఉన్న నార్త్ కోస్ట్ అంతా అట్టుడికిపోయింది. తెలుగు మర్చిపోయామనుకున్నవాళ్ళకి తిట్లన్నీ అర్థమయ్యాయి. తర్వాతి వారం గ్రానీ లేదు. ఆపై వారం కూడా లేదు. హార్మొనీ కోర్ట్ మెట్ల మీద జనం మళ్ళీ నవ్వుకోవడం మొదలుపెట్టారు. ప్రేక్షకులు టీవీ కట్టేశారు. కొందరు పీటర్‌మారిట్జ్‌బర్గ్ నుంచి కార్లు వేసుకొచ్చి, గ్రానీకి ఆరోగ్యం ఎలా ఉందని స్టూడియో గేటు దగ్గర పూలు పెట్టి వెళ్ళారు.

నవంబరులో, అక్కడి వేసవి మొదట్లో, జెరాల్డ్ టోపీ చేత్తో పట్టుకుని మౌంట్ ఎడ్జ్‌కోంబ్ వచ్చాడు. షరతు తీసేశాడు. బెరిల్ ఇంకొకటి అడిగింది. గ్రానీకి ఒక మనవరాలు ఉండాలి, అది కూడా తనే చెయ్యాలి.

"ఇద్దరూ నువ్వేనా? ప్రేక్షకులు నమ్ముతారా?"

"డబుల్ యాక్షన్ లేకపోతే మా దగ్గర హీరో అని ఒప్పుకోరు" అన్నారు, వీసా పొడిగించుకుని అక్కడే ఉన్న హైమావతి గారు. కార్తికేయ దాన్ని మర్యాదగా అనువదించాడు.

మనవరాలి మొదటి షాట్. ఆసుపత్రి నుంచి కార్తికేయ మెడలో స్టెతస్కోపుతోనే వచ్చి కెమెరా వెనక నిలబడ్డాడు. హైమావతి గారికి కుర్చీ వేశారు. బెరిల్ సొంత ముఖంతో, సొంత జుట్టుతో దీపాల కిందికి వచ్చింది. ఒక కుర్రాడికి తన ప్రేమ చెప్పాలి. జెరాల్డ్ రాసిన డైలాగులో వాన, గంధం, నెమలి ఉన్నాయి.

"యాక్షన్!"

బెరిల్ కదలలేదు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. మోకాలు వెనకాడబోయింది, ఆపుకుంది. పెదవులు కదిలాయి గాని నెమలి బయటికి రాలేదు. లైట్ల వేడికి చెమట పడుతోంది. జెరాల్డ్ కట్ చెప్పడానికి చెయ్యి ఎత్తాడు.

బెరిల్ చూపు కెమెరా పక్కకి జరిగింది. అక్కడ కార్తికేయ ఊపిరి బిగబట్టి నిలబడి ఉన్నాడు. సాయం చెయ్యాలని లేదు అతని ముఖంలో, తొందరపెట్టాలని లేదు. ఊరికే చూస్తున్నాడు, ఆమె ఎంతసేపు నిలబడితే అంతసేపు నిలబడేలా. ఆమె భుజాలు తమంతట తామే సడలాయి.

"నువ్వంటే నాకు ఇష్టం" అంది. అవ్వ గొంతు కాదు. ఎవరి గొంతూ కాదు. "నాకు బాగా మాట తెలీదు. పెళ్ళి చేసుకుంటాను. నీకు తొందర నేదు అన్నావు. నాకు ఉంది."

జెరాల్డ్ ఎత్తిన చెయ్యి దించాడు.

"ఆమెన్!" అని తలుపు దగ్గర నుంచి పెద్ద గొంతు ఒకటి వినిపించింది. జన్మలో స్టూడియో గుమ్మం తొక్కనన్న సెసిల్ గారు, కోటు గుండీలన్నీ పెట్టుకుని, చేతిలో టిఫిన్ డబ్బాతో నిలబడి కళ్ళు తుడుచుకుంటున్నారు.

"కట్! ఎవరు మధ్యలో అరిచింది?" అన్నాడు జెరాల్డ్. "బంగారం లాంటి షాట్ పోయింది! ఇంతకీ ఏమంది ఆమె?"

"ఒప్పుకుంది" అన్నారు హైమావతి గారు ఇంగ్లీషులో, ముక్కు చీదుతూ. "మీరు కాసేపు మాట్లాడకండి."

కార్తికేయ కేబుళ్ళు దాటుకుంటూ దీపాల వెలుగులోకి వచ్చి ఆమె చేతులు పట్టుకున్నాడు. ట్రేసీ ఏడుస్తూ ఇద్దరికీ పౌడర్ అద్దింది. జెరాల్డ్ ఎంత బతిమాలినా ఆ కుర్రాడి వేషం వేసిన నటుణ్ణి ఎవరూ లోపలికి రానివ్వలేదు.

రెండో టేకు తీశారు. బెరిల్ ఇంకా బాగా చెప్పింది.